జరగని చరిత్రకు జవాబు చెప్పేదెవరు?

కథల్లో ఒక రకం ఉంది. మనిషి తన ఊళ్లో, తన వీధిలో, తన కాలంలో నడుస్తూ ఉంటాడు. ఉన్నట్టుండి ఇంకో కాలం, ఇంకో లోకం ఆ వీధిలోకి చొరబడుతుంది. ఓడిపోయిన యుద్ధం గెలిచినట్టయిపోతుంది. ఎప్పుడో పోయినవాళ్లు ఎదురై పలకరిస్తారు. తెల్లారేసరికి ఊరు ఇంకో దేశంలో ఉంటుంది. ఇంగ్లీషువాళ్లు వీటికి సైన్స్ ఫిక్షన్ అనో, ప్రత్యామ్నాయ చరిత్ర అనో పేర్లు పెట్టి వేరే అరలో సర్దుకున్నారు. మన తెలుగు విమర్శ వీటిని మంత్రాలూ మాయలూ అని పిల్లల పత్రికలకు వదిలేసింది. వాస్తవికత ఒక్కటే పెద్దల సాహిత్యం అని, ఊహ అంటే వాస్తవం నుంచి పారిపోవడమేనని మనకు చాలాకాలం పాఠం చెప్పారు.

ఈ పాఠం ఎవరి అనుభవం నుంచి వచ్చింది? తన వాస్తవాన్ని ఎవరూ ప్రశ్నించని మనిషి అనుభవం నుంచి వచ్చింది. నువ్వు ఎక్కడివాడివి, ఎందుకు ఇక్కడున్నావు, అక్కడికి ఎందుకు పోలేదు అని అడగబడని మనిషికి ఉన్న వాస్తవం ఒక్కటే. ఈ దేశంలో ముస్లింకి అలా కాదు. మా ప్రమేయం లేకుండా మా పేరు మీద ఇంకో కథ నడుస్తూ ఉంటుంది. ఆ కథలో మేం ఎప్పుడో సరిహద్దు దాటి ఉండాల్సినవాళ్లం. ఆ కథలో ప్రతి సాయెబూ నవాబే. మా నాయనలు కుట్టుమిషన్ తొక్కినా, దూది ఏకినా, జట్కా తోలినా ఆ కథలో మాత్రం సింహాసనం మీదే కూచుని ఉంటారు. ఆ జరగని చరిత్ర వచ్చి జరుగుతున్న బతుకు తలుపు తడుతుంది. అద్దెకు ఇల్లు అడిగినప్పుడు తడుతుంది. క్రికెట్ మ్యాచ్ ఉన్నరోజు తడుతుంది. నేను పనిచేసిన ఒక డెస్కు మీద తోటి ఉద్యోగి నవ్వుతూనే అడిగేవాడు, "మీవాళ్ల స్కోరెంత?" అని. నా ఎదురుగా ఉన్న టీవీలో ఆడుతున్నది అజరుద్దీన్. అడిగిన మనిషి కళ్లకు మాత్రం ఇంకో జట్టు కనిపిస్తోంది.

కాబట్టి మరో వాస్తవం వర్తమానంలోకి చొరబడే కథలను మనం వేరే కళ్లతో చదవాలి. చొరబడుతున్నది ఎవరి వాస్తవం? తలుపు తీసింది ఎవరు? దానికి జవాబు చెప్పుకోవాల్సి వస్తున్నది ఎవరు? ఈ మూడు ప్రశ్నలతో కొన్ని రచనలను చూడటమే ఈ వ్యాసం పని.

*

ఉర్దూ ఇళ్లల్లో ఈ రకం కథకు పాత పేరే ఉంది: తిలిస్మ్. లక్నోలోని నవల్ కిశోర్ ప్రెస్ 'దాస్తానె అమీర్ హమ్జా'ను 46 సంపుటాలుగా అచ్చేసింది. అందులో బాగా పేరుపడింది 'తిలిస్మె హోష్‌రుబా'. 1883 నుంచి 1893 దాకా వెలువడింది. మొదటి నాలుగు సంపుటాలు ముహమ్మద్ హుసేన్ జాహ్ రాస్తే, మిగతావి అహ్మద్ హుసేన్ ఖమర్ పూర్తి చేశాడు. 1857 తర్వాత సంస్కరణ బాట పట్టిన ఉర్దూ పెద్దలు దీన్ని పనికిమాలిన కాలక్షేపంగా చూశారు. షమ్సుర్రహ్మాన్ ఫారూఖీ (1935-2020) ఆ 46 సంపుటాలనూ వెతికి, పోగుచేసి, చదివి, దాస్తాన్‌కు దాని సొంత నియమాలున్నాయని, నవల కొలబద్దతో దాన్ని కొలవకూడదని వివరంగా రాశాక గానీ ఆ చిన్నచూపు పోలేదు. తన కథలను తానే తక్కువ చేసుకోవడం ఓడిపోయిన జాతికి అంటే రోగం. ఆ రోగానికి ఫారూఖీ మందు వేశాడు.

తిలిస్మ్ అంటే మాంత్రికుడు కట్టిన లోకం. అడుగుపెట్టినవాడికి అదే అసలు లోకం అనిపిస్తుంది. బయటికి దారి మరిచిపోతాడు. హోష్‌రుబాలో మూడు ప్రాంతాలున్నాయి. 'జాహిర్' అంటే కనిపించేది. 'బాతిన్' అంటే లోపల దాగింది. 'జుల్మాత్' అంటే చీకటి. కనిపించే దానికీ దాగిన దానికీ నడుమ ఒక నది ఉంటుంది. అది పారే నెత్తుటి నది. దాస్తాన్ చెప్పినవాళ్లు సభను రంజింపజేయడానికే చెప్పి ఉండవచ్చు. కానీ 1947, 1948 చూసిన వంశాల్లో పుట్టి ఇది చదువుతుంటే ఆ నది ఊహ అనిపించదు.

దాస్తాన్ మనకు ఇంకో రెండు సంగతులు చెబుతుంది. ఒకటి, తిలిస్మ్ దానంతటది పుట్టదు. దానికి కట్టినవాడు ఉంటాడు, ఏలేవాడు ఉంటాడు. హోష్‌రుబాను ఏలేది జాదూగాళ్ల రాజు అఫ్రాసియాబ్. రెండు, ప్రతి తిలిస్మ్‌కూ ఒక 'లౌహ్' ఉంటుంది, అంటే దాన్ని విప్పే దారి రాసిన పలక. ఆ పలక చదివి తిలిస్మ్‌ను బద్దలుకొట్టేవాణ్ణి 'తిలిస్మ్ కుషా' అంటారు. ఇంద్రజాలం ఎంత పెద్దదైనా దాని కీలకం ఎక్కడో రాసి ఉంటుందన్న నమ్మకం ఇందులో ఉంది. విమర్శకుడి పని కూడా ఆ పలక వెతకడమే.

*

ఇప్పుడు లక్నో నుంచి అమెరికాకు పోదాం. ఫిలిప్ కె. డిక్ 1962లో 'ది మ్యాన్ ఇన్ ది హై క్యాజిల్' అని ఒక నవల రాశాడు. అందులో రెండో ప్రపంచ యుద్ధం జర్మనీ, జపాన్ గెలిచాయి. అమెరికా పసిఫిక్ తీరం జపాన్ ఏలుబడిలో ఉంది. ఆ ఓడిన అమెరికాలో ఒక నవల చేతులు మారుతుంటుంది. ఆ లోపలి నవలలో జర్మనీ, జపాన్ ఓడిపోయి ఉంటాయి. అంటే కల్పిత లోకంలోని మనుషులకు మన లోకం కల్పితం.

శాన్‌ఫ్రాన్సిస్కోలో టగోమి అనే జపాన్ వాణిజ్య అధికారి ఉంటాడు. మంచివాడే. కానీ ఏలేవాడు. ఒక రోజు బెంచీ మీద కూచుని చిన్న వెండి నగను చూస్తూ చూస్తూ ఇంకో శాన్‌ఫ్రాన్సిస్కోలోకి జారిపోతాడు. అది మన లోకం. జపాన్ ఓడిన లోకం. రోడ్ల మీద తన కోసం ఆగే రిక్షాలు లేవు. హోటల్లోకి వెళితే తెల్లవాళ్లు లేచి చోటివ్వరు. పైగా ఎగతాళి చేస్తారు. ఇన్నాళ్లూ తాను కూచున్న కుర్చీ తన గొప్పతనం వల్ల రాలేదని, గెలిచిన సైన్యం వేసిన కుర్చీ అని ఆయనకు ఒక్క క్షణంలో తెలిసిపోతుంది. చాలామంది పాఠకులు ఈ ఘట్టాన్ని తాత్విక చమత్కారంగా చదివి వదిలేస్తారు. నేను దీన్ని ఒక మెజారిటీ మనిషి కొద్దిసేపు మైనారిటీ అయిన ఘట్టంగా చదువుతాను.

అసలు సంగతి తర్వాత ఉంది. ఆ వెండి నగ చేసింది ఫ్రాంక్ ఫ్రింక్. తాను యూదునని దాచుకుని, పేరు మార్చుకుని బతుకుతున్న పనివాడు. అతన్ని జర్మన్లకు అప్పగించాలని కాగితాలు టగోమి బల్ల మీదికి వస్తాయి. అప్పగించడమంటే చంపడమే. ఆ ఇంకో లోకం చూసి వచ్చిన టగోమి సంతకం పెట్టనంటాడు. తాను చూసిన నగ చేసింది ఆ మనిషేనని ఆయనకు తెలియనే తెలియదు. ఒక అధికారి కలం ఆపాడు, ఒక ప్రాణం నిలిచింది. నవలలో రాజ్యాలేవీ కూలిపోవు.

మరో వాస్తవం వచ్చిపోయాక మనిషి ఏం చేశాడు? ఈ రకం కథకు నా దృష్టిలో ఇదే గీటురాయి. చూసి వచ్చినవాడు సంతకం ఆపాడా, పెట్టాడా?

*

మన ఉపఖండంలో చొరబడిన అతి పెద్ద మరో వాస్తవం పేరు పాకిస్తాన్. మంటో 'టోబా టేక్ సింగ్' (1955) అందరూ చదివిందే. దాన్ని పిచ్చివాళ్ల కథ అంటారు. అందులో పిచ్చివాళ్లు అడిగే ప్రశ్నల్లో పిచ్చి ఎక్కడుంది? నిన్నటిదాకా హిందుస్తాన్‌లో ఉన్న పాగల్‌ఖానా, ఉన్నచోటే ఉండి, ఇవాళ పాకిస్తాన్‌లోకి ఎలా పోయింది అన్నది వాళ్ల అనుమానం. లోకంలో ఉన్న అన్ని ప్రశ్నల్లోకీ తెలివైన ప్రశ్న అది. బిషన్ సింగ్ తన ఊరు ఎక్కడుందని అడుగుతాడు. ఊరు ఎక్కడికీ పోలేదు. దాని మీద ఇంకో లోకం వచ్చి కూచుంది. ఏ దేశానికీ చెందని నేల ముక్క మీద అతను పడిపోతాడు. మంటో అతన్ని అటూ నెట్టలేదు, ఇటూ లాగలేదు.

రాహీ మాసూమ్ రజా హిందీలో రాసిన 'ఆధా గావ్' (1966) ఇదే సంగతిని గంగౌలీ అనే ఊరి నుంచి చూస్తుంది. అలీగఢ్ నుంచి కుర్రాళ్లు వచ్చి పాకిస్తాన్ గురించి ఊరివాళ్లకు ఉపన్యాసాలిస్తారు. ఊరివాళ్ల లెక్క వేరు. వాళ్లకు తమ పొలం, తమ ముహర్రం, తమ ఊరి తగాదాలే లోకం. పుట్టిన నేల వదిలి ఇంకో ఊహలోకి ఎందుకు పోవాలో వాళ్లకు అర్థం కాదు. ఉపన్యాసంగా వచ్చిన ఆ ఊహే చివరికి వాళ్ల ఊరిని సగం చేసింది.

ఇక్కడ ఒక మాట గట్టిగా చెప్పాలి. మీ పెద్దలు పాకిస్తాన్ కోరుకున్నారు అనేది మా మీద నడిచే కథలో మొదటి వాక్యం. 1946 ఎన్నికల్లో ఓటు అందరికీ లేదు. ఆస్తీ, చదువూ ఉన్న కొద్దిమందికే ఉంది. నేతగాడికి, కసాయికి, కూలివాడికి, వాళ్ల ఆడవాళ్లకు ఆ ఓటు లేదు. అవి బ్రిటిష్ ఇండియా రాష్ట్రాల్లో జరిగిన ఎన్నికలు. నిజాం రాజ్యం వాటి బయట ఉంది. నల్లగొండ జిల్లాలో ఒక దూదేకుల తాత దేనికి ఓటేశాడని అడుగుతారు? వేయని ఓటుకు మనవడు లెక్క చెప్పాలి. జరగని చరిత్ర అంటే ఇదే.

*

ఈ మొత్తం గాయాన్ని నవలగా కట్టినవాళ్లలో ఇద్దరిని వదిలి మాట్లాడలేం. ఖుర్రతుల్ఐన్ హైదర్ (1927-2007), ఇంతెజార్ హుసేన్. ఒకరు అటు వెళ్లి ఇటు తిరిగివచ్చారు. ఒకరు అటు వెళ్లి అక్కడే ఉండి, 2016లో లాహోర్‌లో కన్నుమూశారు.

హైదర్ 'ఆగ్ కా దరియా' 1959లో లాహోర్ నుంచి వెలువడింది. మౌర్యుల కాలం దగ్గర మొదలై దేశ విభజన దాటి పోతుంది. గౌతమ్, హరిశంకర్, చంపా, కమాల్ అనే పేర్లు యుగం తర్వాత యుగంలో మళ్లీ మళ్లీ వస్తాయి. శ్రావస్తి గురుకులంలో చదివిన గౌతమ్ నీలాంబర్ సరయూ నదిలో కొట్టుకుపోతాడు. ఆ వెంటనే అదే నది ఒడ్డున వందల ఏళ్ల తర్వాతి కమాలుద్దీన్ ప్రత్యక్షమవుతాడు. నడుమ అధ్యాయం లేదు, వివరణ లేదు. ఇది పునర్జన్మ కథ అని కొందరు సరిపెట్టుకున్నారు. నాకు అలా అనిపించదు. ఈ దేశంలో ఏ కాలమూ పూర్తిగా గతించదనీ, ఒక కాలం ఒడ్డున ఇంకో కాలం నిలబడే ఉంటుందనీ ఆమె చెబుతోంది. బయటినుంచి వచ్చిన కమాలుద్దీన్ ఈ నేలలో కలిసిపోతాడు. ఆ పేరుతోనే ఇరవయ్యో శతాబ్దంలో పుట్టిన కమాల్ లక్నోలో తన ఇల్లు కాందిశీకుల ఆస్తి కింద పోగొట్టుకుని, కోరుకోని దేశానికి పోతాడు. చంపా ఇక్కడే ఉంటుంది. మూడువేల పుటల వాదన చేయలేని పనిని ఆ రెండు కమాల్‌లను పక్కపక్కన నిలబెట్టి ఆమె చేసింది.

ఇంతెజార్ హుసేన్ 'బస్తీ' (1979)లో పద్ధతి వేరు. జాకిర్ చరిత్ర చెప్పే పంతులు. కాలం 1971. ఢాకా జారిపోతోంది, నగరం మీద యుద్ధ విమానాలు తిరుగుతున్నాయి. జాకిర్ బుర్రలోకి మాత్రం చిన్నప్పటి రూప్‌నగర్ వస్తుంది. ఆ ఊరి చెట్లు, పక్షులు, కోతులు, హిందూ పురాణాలు, ముస్లిం గాథలు కలిసి వస్తాయి. దాని వెనక 1857 ఢిల్లీ వస్తుంది. దాని వెనక కూఫా వీధులు వస్తాయి. జాకిర్ అన్న మాటకే జ్ఞాపకం చేసేవాడు అని అర్థం. ముహర్రం మజ్లిసుల్లో కర్బలా గాథ చెప్పేవాడినీ జాకిర్ అనే అంటారు. ఈ జాకిర్‌కు వర్తమానం ఒక పల్చటి పరదా. దాన్ని చింపుకుని అన్ని కూలిన నగరాలూ లోపలికి వస్తాయి. ఇంట్లో అమ్మ దగ్గర రూప్‌నగర్ ఇంటి తాళంచెవులు భద్రంగా ఉంటాయి. ఇల్లు లేదు, తాళాలున్నాయి. మరో వాస్తవానికి ఇంతకన్నా చిన్న వస్తువు, ఇంతకన్నా బరువైన వస్తువు నేను ఏ నవల్లోనూ చూడలేదు.

*

ఈ పుస్తకాలను ప్రేమిస్తాను. అందుకే అడగాల్సినవి అడుగుతాను.

హైదర్ నవల్లో యుగాలు మారతాయి గానీ తరగతి మారదు. గురుకులం, దర్బారు, కోఠీ, కేంబ్రిడ్జి. కథ నడిపేవాళ్లంతా చదువుకున్నవాళ్లే, ఏదో ఒక కళ తెలిసినవాళ్లే. వాళ్ల దుస్తులు నేసినవాడు ఏ యుగంలో పుట్టి ఏ యుగంలో తిరిగి వస్తాడు? అతనికి పునరాగమనం లేదా? బస్తీలో జాకిర్ మోసే దుఃఖం షరీఫ్ ఇళ్ల దుఃఖం. పోయిన హవేలీకి తాళంచెవి ఉంటుంది. పోయిన గుడిసెకు తాళమే లేదు, చెవి ఎక్కడినుంచి వస్తుంది?

సబీరా సంగతి ఇంకా ముఖ్యం. ఆమె జాకిర్ చిన్ననాటి తోడు. కుటుంబమంతా ఢాకాలో ఉంటే ఆమె ఒక్కతే ఢిల్లీలో ఉండిపోయి రేడియోలో ఉద్యోగం చేస్తుంటుంది. జాకిర్ ఆమెకు ఉత్తరం రాయాలనుకుంటూనే ఉంటాడు. నవల మొత్తం జాకిర్ తలలో నడుస్తుంది కాబట్టి సబీరా అతనికొక జ్ఞాపకం, ఒక చొరబాటు. కానీ సబీరా వైపునుంచి చూడండి. ఆమె రోజూ బస్సెక్కి ఆఫీసుకు పోతుంది. జీతం తీసుకుంటుంది. ఎందుకు పోలేదని అడిగినవాళ్లకు జవాబు చెప్పుకుంటుంది. వలసపోయినవాడి నవల వచ్చింది. ఉండిపోయిన ఆడమనిషి నవల ఏది? మనం ఉండిపోయినవాళ్ల పిల్లలం. మన కథ సబీరా కథ. అది జాకిర్ కలలో నీడగా ఉంటే సరిపోదు.

ఉత్తరాది ఉర్దూ నవల దక్కన్‌ను ఎప్పుడూ పక్కన పెట్టింది. తెలుగు మాట్లాడే సాయెబులు, ఉర్దూ రాని నూర్బాషాలు, పీర్ల పండుగలో అలావా చుట్టూ తిరిగే మాదిగలూ గొల్లలూ దాని పటంలో లేరు. అందుకే మన కథ మనమే రాసుకోవాలి.

*

మనదైన తిలిస్మ్‌కు ఒక తేదీ ఉంది. సెప్టెంబర్ 17.

1948 సెప్టెంబర్ 13న భారత సైన్యం హైదరాబాద్ రాజ్యంలోకి ప్రవేశించింది. 17న నిజాం లొంగిపోయాడు. ఆ ఒక్క రోజుకు ఎన్ని పేర్లో చూడండి. ఊళ్లల్లో పోలీస్ యాక్షన్ అంటారు. ఉర్దూలో 'సుకూతె హైదరాబాద్' అంటారు, హైదరాబాద్ పతనం అని అర్థం. తెలుగులో కొందరికి విమోచన, కొందరికి విలీనం, కొందరికి విద్రోహం. 2022లో ఒకే రోజు, ఒకే నగరంలో కేంద్ర ప్రభుత్వం విమోచన దినం జరిపింది, రాష్ట్ర ప్రభుత్వం జాతీయ సమైక్యతా దినం జరిపింది. 2024లో కేంద్రం ఏటా ఆ రోజును హైదరాబాద్ విమోచన దినంగా జరపాలని ప్రకటించింది. అదే ఏడాది, మారిన రాష్ట్ర ప్రభుత్వం దానికి ప్రజాపాలన దినోత్సవం అని పేరు పెట్టింది. రెండు భాషల పత్రికలూ చదివేవాడికి ఆ తెల్లవారి పరిస్థితి టగోమి పరిస్థితే. ఒక పత్రిక మడిచి ఇంకోటి విప్పితే నగరం మారిపోతుంది. అదే చార్మినార్, అదే గోల్కొండ. ఒకదాంట్లో పండుగ, ఇంకోదాంట్లో మౌనం.

రెండు నగరాలూ పూర్తి నిజం చెప్పవు. రజాకార్లు ఊళ్లు దోచారు, కాల్చారు, చంపారు. ఇది నిజం. దీన్ని తక్కువ చేసి మాట్లాడే ముస్లిం తన ఇంటికే ద్రోహం చేస్తాడు. అది కప్పేస్తే మనకు దక్కేది తాళంచెవి మాత్రమే, ఇల్లు కాదు. సైన్యం వచ్చాక ఏం జరిగిందో కూడా నిజమే. నెహ్రూ ప్రభుత్వం పంపిన సుందర్‌లాల్ కమిటీ 1948 చివర్లో రాజ్యంలో తిరిగింది. పోలీస్ యాక్షన్ సమయంలోనూ ఆ తర్వాతా 27 వేల నుంచి 40 వేల మంది దాకా చనిపోయి ఉంటారని అంచనా వేసింది. ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాలు ఎక్కువగా దెబ్బతిన్నాయని చెప్పింది. ఆ నివేదికలో శవాలు నిండిన బావులున్నాయి. దాన్ని అరవై ఏళ్లకు పైగా జనం కంటపడనీయలేదు. 2013లో ఎ.జి. నూరానీ తన పుస్తకంలో అచ్చువేశాడు. జాహిర్‌కూ బాతిన్‌కూ నడుమ నెత్తుటి నది అంటే ఇంకేమిటి?

రజాకార్ల హింస మీద 2024లో ఆ పేరుతోనే ఒక తెలుగు సినిమా వచ్చింది. తీయవచ్చు, ఆ హింస జరిగిందే. సెప్టెంబర్ 17 తర్వాతి వారాల మీద తెలుగులో అంతే పెద్ద సినిమా ఏదీ? ఒక గతానికి తెర మీదికి రావడానికి అనుమతి ఉంది, ఇంకో గతానికి బావిలోంచి పైకి రావడానికి కూడా అనుమతి లేదు.

ఇంకో సంగతి. నిజాం ముస్లిం, ప్రజలు హిందువులు అని కథను రెండు ముక్కలు చేసినప్పుడు ఆ కథలో ఇమడని మనుషులు ఎక్కడికి పోయారు? 'ఇమ్రోజ్' పత్రిక సంపాదకుడు షోయబుల్లాఖాన్ రజాకార్లను విమర్శించి, హైదరాబాద్ భారత్‌లో కలవాలని ఉర్దూలో రాసి, 1948 ఆగస్టులో రజాకార్ల చేతుల్లో చచ్చిపోయాడు. దేశ్‌ముఖ్‌తో భూమి కోసం కొట్లాడిన షేక్ బందగీ 1940లో హత్యకు గురయ్యాడు. సుంకర, వాసిరెడ్డి 1947లో రాసిన 'మా భూమి' నాటకానికి ప్రేరణ ఆ బందగీయే. నిజాం మీద సాయుధ పోరాటంలో నిలిచిన మఖ్దూం మొహియుద్దీన్ ఉర్దూ కవి. వీళ్లు ముగ్గురూ ఊహలు కారు. వీళ్ల కాలం, వీళ్ల ఊళ్లు జరిగిన చరిత్ర. అయినా మనకు మరో లోకం నుంచి వచ్చినవాళ్లలాగా కనిపిస్తారు. ఎందుకంటే మన చుట్టూ కట్టిన తిలిస్మ్‌లో వాళ్లకు చోటు లేదు. జరగనిది దర్జాగా తిరుగుతోంది. జరిగింది దొంగలాగా వచ్చి కిటికీలోంచి తొంగిచూస్తోంది.

*

మరి కథకుడు చేసే చొరబాటుకూ, అధికారం చేసే చొరబాటుకూ తేడా ఏమిటి? ఇద్దరూ లేని లోకాన్ని తెచ్చి ఉన్న లోకం మీద పెడుతున్నారు కదా?

తేడా కుట్టులో ఉంది. కథకుడు అతుకు పెట్టినచోట కుట్టు కనిపిస్తుంది. గౌతమ్ నదిలో పోయాడు, కమాలుద్దీన్ ఒడ్డున ఉన్నాడు, నడుమ ఏమీ లేదు. పాఠకుడు ఆగిపోతాడు, ఆలోచిస్తాడు, ఒప్పుకోకపోతే పుస్తకం మూస్తాడు. టగోమి లేచి ఇంటికి పోగలడు. అధికారం కుట్టును దాచిపెడుతుంది. ఇది కథ కాదు, ఇదే చరిత్ర అంటుంది. దానిలోంచి లేచి పోయే వీలుండదు. 1949 డిసెంబర్‌లో ఒక రాత్రి బాబ్రీ మసీదులో విగ్రహాలు పెట్టారు. 1992 డిసెంబర్ 6న మసీదునే పడగొట్టారు. ఆ రెండూ చట్టవిరుద్ధమని 2019 తీర్పులో సుప్రీంకోర్టే చెప్పింది, ఆ స్థలాన్ని గుడికే ఇచ్చింది. ఒక ఊహించిన గతం పారలూ గునపాలూ పట్టుకుని వర్తమానంలోకి వచ్చింది, వచ్చినచోటే ఉండిపోయింది. నవల్లో మరో వాస్తవం వచ్చిపోతే మనిషి సంతకం ఆపాడు. ఇక్కడ వచ్చాక సంతకాలు ఆగలేదు.

ఖాదర్ మొహియుద్దీన్ 1991లో 'పుట్టుమచ్చ' రాసినప్పుడు తెలుగు ముస్లిం మొదటిసారి తన మీద కట్టిన తిలిస్మ్‌ను తిలిస్మ్ అని పేరుపెట్టి పిలిచాడు. 1998లో 'జల్‌జలా' కవితా సంకలనం వచ్చింది. 2004లో 'వతన్' కథల సంకలనం వచ్చింది. కవులు జవాబు చెప్పారు. కథకులు మా వాస్తవం ఇదీ అని విప్పి చూపారు. ఆ పని అవసరమైంది, చేశాం, చేస్తూనే ఉంటాం.

ఇకమీద ఇంకో పని కూడా ఉంది. ఇన్నాళ్లూ మా మీదికి వచ్చిన జరగని చరిత్రకు మేం జవాబు చెబుతూ వచ్చాం. జవాబు చెప్పేవాడు ఎప్పుడూ బోనులోనే ఉంటాడు. వాస్తవిక కథ ఒక్కదానితోనే ఆ బోనులోంచి బయటికి రాలేం. మా దగ్గర దాస్తాన్ ఉంది. పీర్ల కొట్టంలో తెలుగు పాటతో కలిసి నడిచే కర్బలా ఉంది. అమ్మమ్మలు చెప్పిన జిన్నుల కథలున్నాయి. వాటిని మూఢనమ్మకాలని సిగ్గుపడి అటక మీద పెట్టేశాం. దించండి. షోయబుల్లాఖాన్ ఇవాళ్టి ఒక పత్రికాఫీసుకు వచ్చి తన సంపాదకీయం ఇవ్వనీయండి, ఎవరు అచ్చేస్తారో చూద్దాం. బందగీ వచ్చి భూమి పట్టా అడగనీయండి. ఢిల్లీలో ఉండిపోయిన సబీరా జాకిర్ ఉత్తరం కోసం ఎదురుచూడటం మాని తానే రాయనీయండి. 1948లో బావిలో దూకిన పేరులేని ఆడమనిషి సెప్టెంబర్ 17 నాడు జెండా ఎగిరే మైదానంలో వచ్చి నిలబడనీయండి. కుట్టు కనిపించేలాగే రాద్దాం. ఇది కథ అని చెప్పే రాద్దాం.

ఆ కథ చదివి రేపు ఎక్కడో ఒక బల్ల ముందు ఒక అధికారి, ఒక ఇంటి యజమాని, ఒక సబ్ ఎడిటర్ కలం కాసేపు ఆపితే అది చాలు. మేం ఇన్నేళ్లూ జవాబు చెప్పాం. ఇప్పుడు ప్రశ్న మా కథది. జవాబు చెప్పుకోవాల్సింది మీరు.